ద్రాక్షతోటల యాత్ర: చూడవలసినదేమి? త్రాగకూడనిదేమి?

ఫలాలన్నింటిలో ద్రాక్ష శ్రేష్ఠమైనదని మన ఆచార్యులు చెప్పారు. మనస్సుకు ఉల్లాసం కలిగించే ద్రవ్యాలలో మద్యం ముఖ్యమైనదని కూడా వారే చెప్పారు. బుద్ధిని, నిగ్రహశక్తిని, జ్ఞాపకశక్తిని హరించే వాటిలో మద్యానికి లోబడిపోవడం అన్నింటికంటే ముందున్నదని చెప్పినవారు కూడా వారే. చరకసంహిత సూత్రస్థానం ఇరవై ఐదవ అధ్యాయంలో ఈ మూడు మాటలూ ఉన్నాయి. దురదృష్టవశాత్తూ ఈనాడు మన ఇళ్ళలో మొదటి రెండు మాటలే వినబడుతున్నాయి. మూడవ మాటను చెప్పేవారు కరువైనారు. అందువలననే ఈ వ్యాసం వ్రాయవలసి వచ్చింది.

విదేశాలలో ఉద్యోగాలు చేస్తున్న పిల్లలు తల్లిదండ్రులను రప్పించుకొని ఊళ్ళు చూపించడం నేడు సర్వసాధారణం. ఐరోపా ఖండానికి బృందాలుగా వెళ్ళి వచ్చే మధ్యతరగతి దంపతులు కూడా పెరిగారు. అట్టి యాత్రలలో "వైన్ కంట్రీ టూర్" అనునది ఒక ముఖ్యభాగమైంది. ఉదయం బయలుదేరి, ద్రాక్షతోటలు చూచి, అక్కడి మద్యాన్ని రుచి చూచి, నదిలో పడవ మీద విహరించి, రాత్రికి తిరిగి చేరుకునే ఒక రోజు యాత్ర ఇది. వెళ్ళి వచ్చినవారు నన్ను అడిగే ప్రశ్న ఒక్కటే: "శాస్త్రిగారూ, అక్కడ మాకిచ్చిన ఎర్రని ద్రాక్షమద్యం, మీరిచ్చే ద్రాక్షాసవం రెండూ ఒకటేనా? రోజూ కొంచెం తీసుకుంటే గుండెకు మంచిదట గదా?"

కాదు. రెండూ ఒకటి కావు. రోజూ కొంచెం అనునది ఔషధమూ కాదు. కారణాలు క్రింద వివరిస్తాను.

ఆ నది, ఆ కొండలు

పోర్చుగల్ దేశంలోని పోర్టో నగరంలో మా అమ్మాయి కుటుంబం నివసిస్తున్నందున 2023 సెప్టెంబరులో నేనక్కడికి వెళ్ళడం, డౌరో నదీలోయ యాత్ర చేయడం తటస్థించింది. కనుక విన్నమాటలు కాక చూచిన విషయాలే చెప్పగలను.

పోర్టోనుండి తూర్పుగా వంద కిలోమీటర్లకు పైగా ప్రయాణం. మరావ్ పర్వతాన్ని తొలిచి నిర్మించిన అయిదున్నర కిలోమీటర్ల పైచిలుకు సొరంగమార్గం దాటగానే గాలి మారుతుంది. అట్లాంటిక్ సముద్రపు తేమను ఆ పర్వతం అడ్డుకుంటుంది. ఆవల వేసవిలో నలభై డిగ్రీల ఎండ, శీతకాలంలో ఎముకలు కొరికే చలి. తొమ్మిది నెలలు చలి, మూడు నెలలు నరకం అని అక్కడివారే తమ వాతావరణాన్ని గూర్చి చెప్పుకుంటారు.

రెగ్వా, పిన్యావ్ అను చిన్న పట్టణాలు ఈ లోయకు ముఖద్వారాలు. నదికి ఇరువైపులా నిట్టనిలువు కొండలు. ఆ కొండలను శతాబ్దాల తరబడి మనుష్యులు చేతులతో తొలిచి, పలకరాతిని పగులగొట్టి, గోడలు పేర్చి, మెట్లు మెట్లుగా తోటలు వేశారు. అక్కడ మట్టి అన్నది పేరుకు మాత్రమే. పొరలు పొరలుగా విడివడే ఆ రాతి పగుళ్ళలోనికి ద్రాక్షవేళ్ళు చాలా లోతుకు పోయి నీటిని వెదకుకుంటాయి. పగలు వేడిని త్రాగిన రాయి రాత్రి దానిని కాయకు అందిస్తుంది. ఈ మానవశ్రమను గుర్తించి యునెస్కో సంస్థ 2001లో ఈ ప్రాంతాన్ని ప్రపంచ వారసత్వ స్థలంగా ప్రకటించింది.

నేను వెళ్ళినది కోతల కాలం. గ్రానైటు రాతితో కట్టిన వెడల్పాటి తొట్లలో ద్రాక్షపండ్లు పోసి, పనివారు ఒకరి భుజాలపై ఒకరు చేతులు వేసుకొని, వరుసగా నిలబడి, మోకాళ్ళలోతు రసంలో లయబద్ధంగా త్రొక్కుతున్నారు. యంత్రాలు వచ్చిన తరువాత కూడా కొన్ని తోటలలో ఈ పద్ధతిని ఎందుకు వదలలేదని అడిగాను. మనిషి పాదం మెత్తనిది, తొక్కను నలుపుతుంది గాని గింజను చితకగొట్టదు, అందువలన గింజలోని చేదు రసంలోనికి దిగదు అని సమాధానం చెప్పారు. ఔషధ నిర్మాణంలో ఏది నూరవలెనో, ఏది దంచవలెనో, ఏది నానవేయవలెనో మన గురువులు చెప్పిన పద్ధతులు నాకు జ్ఞప్తికి వచ్చాయి. ద్రవ్యాన్ని ఎరిగినవాడే దానిని సరిగా ముట్టుకొనగలడు.

మధ్యాహ్నానంతరం పిన్యావ్ రేవునుండి పడవ విహారం. పూర్వం ఈ నది మీద రబేలు అను పేరుగల చదునైన అడుగుభాగం కలిగిన పడవలు, పొడవైన చుక్కానితో, మద్యపు పీపాలను పోర్టో ఎదుటనున్న గాయా పట్టణపు గిడ్డంగులకు చేరవేసేవి. అప్పట్లో నదిలో బండరాళ్ళు, సుడులు ఎక్కువ. ప్రాణాలకు తెగించిన ప్రయాణమది. తరువాత రైలుమార్గం, ఆ పైన ఆనకట్టలు వచ్చి నది చెరువువలె నిశ్చలమైంది. ఇప్పుడు అదే ఆకారంలో చేసిన పడవలలో యాత్రికులను త్రిప్పుతున్నారు. పాపికొండల నడుమ లాంచీలో వెళ్ళినవారికి ఆ అనుభూతి తెలుసు. అయితే అక్కడ అడవి కొండలు, ఇక్కడ దువ్వినట్లున్న తోటల కొండలు. ఈ దృశ్యం కొరకైనా ఆ యాత్ర చేయదగినదే అని నా అభిప్రాయం.

కల్తీపై పోరాడిన నేల

ఈ లోయ చరిత్రలో వైద్యులు తెలుసుకోదగిన విషయం ఒకటున్నది. పదునెనిమిదవ శతాబ్దంలో ఇంగ్లాండుకు ఇక్కడి మద్యం విపరీతంగా ఎగుమతి అయ్యేది. గిరాకీ పెరిగిన చోట కల్తీ పుడుతుంది. రంగు కొరకు ఎల్డర్ అను పొద పండ్ల రసాన్ని కలపసాగారు. అప్పుడు పోర్చుగల్ మంత్రిగా నున్న పోంబాల్ ప్రభువు 1756లో ఒక కంపెనీని నెలకొల్పి, ద్రాక్ష పండించే ప్రాంతానికి హద్దులు నిర్ణయించి, గ్రానైటు రాళ్ళు పాతించాడు. ఆ హద్దులలోని ఎల్డర్ పొదలను పెరికివేయించాడు. ఏ ఊరి పంట, ఏ నేల సరుకు అన్నది చట్టబద్ధంగా నిర్ణయించిన తొలి ప్రాంతాలలో ఇది ఒకటి. మన మూలికల విపణిలో ఇట్టి కట్టుదిట్టం ఉన్నట్లయితే వైద్యులకు సగం చింత తీరేది.

తరువాతి శతాబ్దంలో ఫారెస్టర్ అను ఆంగ్ల వర్తకుడు ఇక్కడ స్థిరపడి, డౌరో నదికి చక్కని పటాలు గీసి, బారన్ బిరుదు పొందాడు. పులుస్తున్న ద్రాక్షరసంలో బయటినుండి ఘాటైన సారాయి పోయడం తప్పని 1844లో ఒక చిన్న పుస్తకం ప్రచురించాడు. ద్రాక్ష తనంత తానుగా పులిసి, తనంత తానుగా నిలవాలి అని ఆయన వాదం. వర్తకులు ఆయన మీద మండిపడ్డారు. 1861లో ఈ నదిలోనే వలైరా సుడి వద్ద పడవ మునిగి ఆయన మరణించాడు. ఆయన వాదం నెగ్గలేదు. సారాయి పోసిన తీపి మద్యమే "పోర్ట్" అను పేరుతో ప్రపంచ ప్రసిద్ధి పొందింది. ఆయన ఎత్తిన ఆ ప్రశ్నే మన ద్రాక్షాసవ చర్చకు మూలం.

ద్రాక్షాసవం, పోర్ట్ మద్యం ఒకటేనా?

పోర్ట్ తయారీ ఇట్లుంటుంది. త్రొక్కిన రసం రెండు మూడు రోజులు పులిసి, అందలి చక్కెరలో దాదాపు సగం మిగిలి ఉండగా, 77 శాతం ఆల్కహాలు గల ద్రాక్షసారాయిని అందులో పోస్తారు. సుమారు 435 లీటర్ల రసానికి 115 లీటర్ల సారాయి, మొత్తం 550 లీటర్లు ఒక పీపా. ఆ సారాయి తాకిడికి పులియజేసే సూక్ష్మజీవులు చచ్చిపోతాయి. మిగిలిన చక్కెర అట్లాగే నిలిచిపోతుంది. ఫలితంగా 19 నుండి 22 శాతం ఆల్కహాలు, లీటరుకు సుమారు వంద గ్రాముల చక్కెర కలిగిన పానీయం తయారవుతుంది. ఆ తియ్యదనం ఘాటును కప్పివేస్తుంది. అలవాటు లేనివాడు పానకమనుకొని గడగడ త్రాగే ప్రమాదం అందులోనే ఉన్నది.

ఇక మన సంధాన విధానం. ఆసవారిష్టాలను మా గురువుగారు దగ్గర కూర్చోబెట్టుకొని నేర్పారు. కషాయం కాచి చేసినది అరిష్టం, కాచకుండా చేసినది ఆసవం అని శార్ఙ్గధరుడు చేసిన విభజన. ద్రాక్ష, బెల్లం లేక చక్కెర, ధాతకీ పుష్పాలు, వాటితోపాటు పిప్పలి, లవంగం, ఏలకి, దాల్చిన, నాగకేసరాలవంటి సుగంధ ద్రవ్యాలు చేర్చి, నేతి పూత పూసిన భాండంలో పోసి, మూతికి గుడ్డ చుట్టి, మట్టితో సీలువేసి, ధాన్యపు రాశిలో పాతిపెట్టేవారం. సుమారు నెల దాటిన తరువాత తెరచి, మండుతున్న వత్తిని భాండం మూతి దగ్గర ఉంచేవారం. దీపం ఆరిపోయినట్లయితే ఇంకా పులుస్తున్నదని, నిశ్చలంగా వెలిగితే సిద్ధమైనదని అర్థం. ఇందులో సారాయి బయటినుండి పోయబడదు. తనంత తానుగా పుట్టిన ఆల్కహాలు సాధారణంగా 5 నుండి 10 శాతం. ఆ ఆల్కహాలు ప్రయోజనం మత్తు కాదు. మూలికల సారాన్ని వెలికితీయడం, చెడకుండా నిలపడం, శరీరంలో త్వరగా వ్యాపింపజేయడం.

న్యాయంగా ఒక మాట చెప్పాలి. డౌరోలో సారాయి పోయని సాధారణ ద్రాక్షమద్యాలు కూడా విస్తారంగా తయారవుతున్నాయి. అవి కూడా తమంత తామే పులిసినవే. కనుక కేవలం తయారీ భేదాన్ని పట్టుకొని మనది అమృతం, వారిది విషం అని నేననను. అసలైన భేదం మాత్రలో ఉన్నది, ఉద్దేశంలో ఉన్నది.

లెక్క వేసి చూద్దాం

ఒక రోజు యాత్రలో సాధారణంగా రెండు తోటలను దర్శిస్తారు. ఒక్కొక్క చోట మూడు రకాలు, రకానికి సుమారు 50 మిల్లీలీటర్లు. అందులో సగం పోర్ట్, సగం సాధారణ మద్యం అనుకుందాం. పోర్ట్ 150 మిల్లీలీటర్లలో ఆల్కహాలు సుమారు 24 గ్రాములు. 13 శాతపు సాధారణ మద్యం 150 మిల్లీలీటర్లలో సుమారు 15 గ్రాములు. మధ్యాహ్న భోజనంతో ఒక గ్లాసు, అందులో మరి 15 గ్రాములు. వెరసి 54 గ్రాములు. "రుచి చూడడం" అను మర్యాదైన పేరుతో ఒక్క పగటిలో లోపలికి పోయినది ఇంత.

ద్రాక్షాసవం పెద్దలకు పూటకు 20 మిల్లీలీటర్లు, సమానంగా నీరు కలిపి, భోజనానంతరం, రోజుకు రెండుసార్లు. ఎనిమిది శాతం చొప్పున లెక్కించినా ఆల్కహాలు రెండున్నర గ్రాములకు మించదు. అనగా యాత్రలో ఒక రోజున త్రాగినది, మేమిచ్చే ఔషధంలో ఇరవై రెట్లు. పైగా ఆ ఔషధం కూడా రోగమున్నంత కాలమే. ఆకలి మందగించినవారికి, దగ్గుతో చిక్కిపోయినవారికి, కొన్ని వారాలు. జీవితాంతం కాదు. మధుమేహం, కాలేయ వ్యాధి కలవారికి, గర్భిణులకు అది కూడా నేనివ్వను.

"గుండెకు మంచిది" అన్న మాట

ఈ మాట ఎక్కడినుండి వచ్చిందో తెలుసుకోవాలి. ఫ్రెంచివారు కొవ్వు పదార్థాలు ఎక్కువగా తింటున్నప్పటికీ వారిలో గుండెజబ్బు తక్కువగా ఉన్నదని, అందుకు ఎర్రని ద్రాక్షమద్యం కారణం కావచ్చునని 1991లో అమెరికాలో ఒక టెలివిజన్ కార్యక్రమం ప్రసారమైంది. 1992లో లాన్సెట్ వైద్యపత్రికలో ఆ భావం వ్యాసరూపం పొందింది. అమెరికాలో ఎర్రమద్యం అమ్మకాలు ఒక్కసారిగా పెరిగాయి. ద్రాక్షతొక్కలోని రెస్వెరాట్రాల్ అను పదార్థాన్ని అందరూ కీర్తించారు. అయితే అది మద్యంలో లీటరుకు కొద్ది మిల్లీగ్రాములకు మించి ఉండదు. తరువాతి పరిశోధనలలో మరొక లోపం కూడా బయటపడింది. అసలు త్రాగనివారి జాబితాలో, జబ్బుపడి త్రాగుడు మానుకున్నవారిని కూడా కలిపి లెక్కించడం వలన మితంగా త్రాగేవారు ఆరోగ్యవంతులుగా కనబడ్డారు.

ఆల్కహాలు కలిగిన పానీయాలు మనుష్యులలో క్యాన్సరు కలిగించేవని అంతర్జాతీయ క్యాన్సర్ పరిశోధనా సంస్థ 1988లోనే నిర్ధారించింది. స్త్రీలలో స్తన క్యాన్సరుకు కొద్దిపాటి అలవాటు కూడా దోహదం చేస్తుందని తరువాత తేలింది. ఆరోగ్యానికి నిరపాయకరమైన మద్య పరిమాణమంటూ ఏదీ లేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2023 జనవరిలో స్పష్టంగా ప్రకటించింది. ఎరుపా తెలుపా, ఖరీదైనదా చవకైనదా అన్న భేదం ఇందులో లేదు.

మన శాస్త్రం దీనికి విరుద్ధంగా చెప్పలేదు. మద్యానికి పది గుణాలు, ఓజస్సుకు పది గుణాలు చరకుడు చెప్పాడు. మద్యం తేలికైనది, ఉష్ణం, తీక్ష్ణం, రూక్షం. ఓజస్సు బరువైనది, శీతలం, మృదువు, స్నిగ్ధం. ఇట్లు ఒక్కొక్క గుణం మరొకదానికి సరిగ్గా వ్యతిరేకం. విధి తప్పి సేవించిన మద్యం ఓజస్సును క్షోభింపజేసి, హృదయాన్ని ఆశ్రయించి, మనస్సును చెదరగొడుతుందని మదాత్యయ చికిత్సలో ఉన్నది. "యుక్తితో సేవిస్తే అమృతతుల్యమని కూడా చరకుడన్నాడు గదా" అని కొందరు పండితులే వాదిస్తున్నారు. నిజమే, అన్నాడు. ఆ యుక్తి ఏమిటో కూడా ఆయనే చెప్పాడు. అన్నపానాలు, వయస్సు, వ్యాధి, బలం, కాలం, దోషం, మనఃస్థితి ఇవన్నీ చూచుకోవాలన్నాడు. ఇన్నింటిని పరీక్షించి గ్లాసు పట్టుకునేవాడు వందమందిలో ఒక్కడైనా ఉన్నాడా? షరతులను వదలి ఫలితాన్ని మాత్రమే ఏరుకోవడం శాస్త్రం చదవడం కాదు, శాస్త్రాన్ని సాకుగా వాడుకోవడం.

బల్ల దగ్గర విన్న ఒక సంభాషణ

మా బృందంలో హైదరాబాదునుండి వచ్చిన ఒక కుటుంబం ఉన్నది. పెద్దావిడకు డెబ్బై ఏళ్ళు ఉంటాయి. రక్తపోటుకు, మధుమేహానికి మాత్రలు వాడుతున్నది. రెండవ తోటలో గ్లాసులు పెట్టగానే కుమారుడు, "అమ్మా, ఇది మందేనే. మన ద్రాక్షాసవమే అనుకో. కొంచెం పుచ్చుకో" అని బలవంతపెట్టాడు. ఆవిడ గ్లాసును చూచి, "మందైతే డాక్టరు చీటీ వ్రాసేవాడు గదరా. నా మాత్రలేమో చీటీ లేనిదే ఇవ్వరు, దీనికి పాట పాడి మరీ పోస్తున్నారు" అన్నది. అందరం నవ్వాం. కాని ఆవిడ మాటలో ఉన్న వివేకం నాకు ఎన్నో గ్రంథాల సారంగా తోచింది. కుమారుని ప్రేమలో లోపం లేదు. లోపం, ఉల్లాసానికి ఔషధమని పేరు పెట్టడంలో ఉన్నది.

ఈ పేరు మార్పు ఎంత పని చేస్తుందో నా వైద్యశాలలో చూచాను. పదవీ విరమణ చేసిన ఒక ఉద్యోగి, మధుమేహి, ఇట్టి యాత్రనుండి రెండు సీసాలు వెంట తెచ్చుకున్నాడు. అవి అయిపోయిన తరువాత ఇక్కడ దొరికే వాటితో కొనసాగించాడు. రాత్రికి ఒక చిన్న గ్లాసు, "గుండె కొరకు." తొమ్మిది నెలలకు ఆయన భార్య వెంటబెట్టుకొని వచ్చింది. నిద్ర పాడైంది, ఉదయం కడుపులో మంట, పరీక్షలలో రక్తంలోని చక్కెర, కొవ్వు రెండూ పెరిగి ఉన్నాయి. గ్లాసు ఒకటే గాని గ్లాసు పరిమాణం మాత్రం పెరుగుతూ వచ్చిందని ఆవిడ చెప్పింది. ఆయన త్రాగుబోతు కాడు. జీవితంలో ఎన్నడూ తూలి పడినవాడు కాడు. విలాసంగా మొదలుపెట్టి ఉంటే ఏనాడో మానేసేవాడు. మందుగా మొదలుపెట్టాడు గనుక మానడానికి కారణం కనబడలేదు. మందును ఎవరు మానుకుంటారు?

అందువలననే నేను అంటున్నాను: ఉల్లాసం కొరకు త్రాగుతున్నామని ఒప్పుకునేవానికి దారి కనబడుతుంది. ఔషధమని భ్రమించేవానికి కనబడదు.

కాలం, దేహం చూడాలి

మనవారు విదేశయాత్రలకు వెళ్ళేది ఎక్కువగా మే, జూన్, జూలై మాసాలలో. డౌరో లోయలో అది తీవ్రమైన గ్రీష్మం. గ్రీష్మంలో మద్యం త్రాగరాదని, తప్పనిసరి అయితే అత్యల్పంగా, విస్తారంగా నీరు కలిపి మాత్రమే త్రాగాలని వాగ్భటుడు అష్టాంగహృదయంలో ఋతుచర్య చెప్పుతూ హెచ్చరించాడు. లేనిచో వాపు, శైథిల్యం, దాహం, మోహం కలుగుతాయన్నాడు. ఉదయం మెలికల రోడ్డు ప్రయాణం, ఖాళీ కడుపుతో మొదటి రుచులు, మధ్యాహ్నం గురుభోజనం, వెంటనే ఎండలో పడవ, మళ్ళీ రెండు గంటల ప్రయాణం. వాతపిత్తాలు ప్రకోపించడానికి ఇంతకంటె మంచి ఏర్పాటు మరొకటి ఉండదు. సాయంత్రం తలనొప్పి, వాంతి, మంట అని బాధపడేవారు "ప్రయాణం పడలేదు" అనుకుంటారు. పడనిది ప్రయాణం కాదు.

వెళ్ళేవారికి సూచనలు

1. మధుమేహానికి, రక్తపోటుకు, నిద్రకు, మూర్ఛకు మాత్రలు వాడేవారు, రక్తం పలుచబడే మందు వాడేవారు, మెట్రోనిడజోల్ వంటి మందులు తీసుకుంటున్నవారు, గర్భిణులు, కాలేయ వ్యాధి కలవారు మద్యాన్ని పూర్తిగా మానాలి. మాత్ర మానివేసి మద్యం త్రాగడం రెండు తప్పులు చేయడమే.

2. వృత్తిగా రుచి చూచేవారు మద్యాన్ని మింగరు. నోటిలో త్రిప్పి ఉమ్మివేస్తారు. అందుకొరకు బల్లమీద పాత్ర ఉంటుంది. త్రాగనివారు మొహమాటపడనవసరం లేదు. ముందుగా చెప్పినట్లయితే చాలాచోట్ల ద్రాక్షరసమో, మరొక పానీయమో ఇస్తారు.

3. శాకాహారులు గమనించాలి. మద్యాన్ని తేరబెట్టడానికి కోడిగ్రుడ్డు తెల్లసొన, చేపలనుండి తీసిన జిగురు, పాలలోని మాంసకృత్తు వాడే ఆచారమున్నది. అక్కడి ఆకుకూర సూపులో కూడా మాంసపు ముక్క వేసి ఇస్తారు. బయలుదేరక పూర్వమే స్పష్టంగా చెప్పుకోవాలి.

4. మెలికల రోడ్డులో వికారం కలిగేవారు చిన్న శొంఠిముక్క గాని, రెండు ఏలకులు గాని బుగ్గన పెట్టుకోవాలి. బయలుదేరుటకు గంట ముందు తేలికగా ఏదైనా తినాలి.

5. ఎండకు దప్పిక, మంట కలిగేవారు రాత్రి ఇరవై ఎండుద్రాక్షలు, ఒక చెంచా ధనియాలు గ్లాసు నీటిలో నానబెట్టి, ఉదయం పిసికి వడకట్టి త్రాగాలి. మలబద్ధానికి కూడా ఇది మంచిది. మధుమేహులు ద్రాక్ష లేకుండా ధనియాల నీరు మాత్రమే త్రాగాలి.

6. మద్యం వలన కలిగిన దాహానికి, మంటకు ఖర్జూరాది మంథం శాస్త్రోక్తమైనది. ఖర్జూరం, ద్రాక్ష, చింతపండు, దానిమ్మ గింజలు, ఉసిరిక కలిపి ఒక భాగం, చల్లని నీరు నాలుగు భాగాలు. నానబెట్టి, చిలికి, వడకట్టి త్రాగాలి. అయితే ఈ యోగం ఉన్నది గదా అని త్రాగడం, గొడుగున్నదని వానలో పడుకోవడం వంటిది. ఆగని వాంతులు, స్పృహ తప్పడం, ఊపిరి మందగించడం కనబడితే గృహచికిత్సలతో కాలయాపన చేయక వెంటనే ఆసుపత్రికి తీసుకొనిపోవాలి.

7. పడవ ఎక్కగానే ప్రాణరక్షక జాకెట్లు ఎక్కడున్నాయో చూచుకోవాలి. 2019 సెప్టెంబరులో కచ్చులూరు వద్ద మన గోదావరిలో జరిగిన దుర్ఘటనను తెలుగువారు మరువరాదు. త్రాగినవాడు పడవ అంచున నిలబడరాదు. మైకంలో ఉన్నవాడికి ఈత వచ్చినా లాభం లేదు.

8. విదేశంనుండి వచ్చేవారు రెండు లీటర్ల వరకు మద్యం సుంకం లేకుండా తెచ్చుకోవచ్చునని నియమమున్నది. అది సుంకం శాఖవారి పరిమితి మాత్రమే. వైద్యుని అనుమతి కాదు.

చివరగా ఒక మాట. ద్రాక్షను ద్వేషించవలసిన పని లేదు. ఒకప్పుడు హైదరాబాదు చుట్టుప్రక్కల అనాబ్-ఇ-షాహి ద్రాక్షతోటలు మనకెంతో పేరు తెచ్చాయి. నగరం పెరిగి వాటిని మింగివేసింది. ఆ పందిళ్ళ క్రింద పెరిగినవారికి ద్రాక్ష అంటే ఏమిటో తెలుసు. డౌరో కొండలమీద రాళ్ళు పేర్చిన చేతులకు, ఎండలో గంపలు మోసిన భుజాలకు నమస్కరించి రండి. వారి నేలను, నదిని, కల్తీని సహించని వారి పట్టుదలను తెలుసుకొని రండి. తాజా ద్రాక్షపండ్లు కడిగి, పిల్లలతో కూర్చొని, కడుపునిండా తినండి. సీసాను మాత్రం మందుల అలమరలో పెట్టకండి. విధి తప్పి త్రాగిన మద్యం కీడు చేస్తుందని చరకుడు చెప్పాడు, నేటి విజ్ఞానమూ చెప్పుతున్నది. ఇద్దరు వైద్యులు ఏకాభిప్రాయానికి రావడం అరుదు. వచ్చినప్పుడు వినడం మంచిది.